డాక్టరు చదువులోకి మాట వచ్చింది, ఓపీ గదిలోకి రావాలి

పల్లెటూరి మనిషి పెద్దాస్పత్రికి బయలుదేరాడంటే ఆ రోజు కూలి పోయినట్లే. తెల్లవారుజామున మొదటి బస్సు పట్టుకోవాలి. చీటీ కోసం వరుసలో నిలబడాలి. బల్ల మీద జాగా దొరక్కపోతే గోడకు చేరగిలబడాలి. ఇంతా చేసి డాక్టరు ఎదుట కూర్చునేది రెండు నిమిషాలు. ఇది కోపంతో అంటున్న మాట కాదు. ప్రాథమిక వైద్యంలో డాక్టరు ఒక్కో రోగికి ఎంత సమయం ఇస్తున్నాడో 67 దేశాల లెక్కలు పోల్చి 2017లో ఒక పరిశీలన వెలువడింది. అందులో మన దేశం వాటా సుమారు 2 నిమిషాలు. స్వీడన్‌లో అది 22 నిమిషాలు దాటింది. బంగ్లాదేశ్‌లో 48 సెకండ్లే గనుక మనం కొంత నయమని సంతోషించాలి కాబోలు!

ఆ రెండు నిమిషాల్లోనైనా రోగి గోడు సాంతం బయటకు వస్తుందా? రెండు నిమిషాలకన్నా ఎక్కువ సమయం దొరికే అమెరికాలోనే రాలేదు. అక్కడ 1984లో ఇద్దరు పరిశోధకులు 74 మంది రోగుల సంభాషణలు పరిశీలించారు. రోగి నోరు విప్పిన సగటున 18 సెకండ్లకే డాక్టరు అడ్డు తగులుతున్నాడని తేలింది. చెప్పదలచుకున్నది పూర్తిగా చెప్పగలిగినవారు నూటికి 23 మంది.

అడ్డు తగిలితే ఏమవుతుందో తెలియాలంటే ‘గుండెల్లో మంట’ అనే ఒక్క మాట చాలు. కారం ఎక్కువ తిన్నా మనవాళ్ళు ఆ మాటే అంటారు. గుండె జబ్బు మొదలైనా ఆ మాటే అంటారు. మొదటి మాట దగ్గరే ఆపేసి గ్యాసు బిళ్ళ రాసిస్తే రెండో మాట లోపలే ఉండిపోతుంది. నీళ్ళ బిందె ఎత్తుకుని నాలుగడుగులు వేస్తేనే మంట వస్తోందనీ, కూర్చుంటే తగ్గుతోందనీ, ఎడమ చెయ్యి కూడా లాగుతోందనీ ఆ ముసలామె చెప్పబోయింది. అసలు జబ్బు ఉన్నది ఆ చెప్పబోయిన మాటలోనే.

భాష గొడవ ఇంకొకటి. చదువంతా ఇంగ్లీషులో సాగుతుంది. ప్రభుత్వ కాలేజీల్లో 15 శాతం సీట్లు అఖిల భారత కోటావి గనుక తెలుగు రాని పిల్లలూ వస్తారు. పట్నంలో పుట్టి పెరిగిన తెలుగు పిల్లల సంగతి అంతకన్నా మెరుగనుకోవడానికి లేదు. ‘మా కోడలు నీళ్ళోసుకుంది బాబూ’ అని అత్తగారు అంటే, స్నానం చేసిందని కాదు, కడుపుతో ఉందని అర్థం చేసుకోవాలి. అది తెలియకుండా ఎక్స్‌రేకు పంపినా, గర్భిణులకు పడని మందు రాసినా తప్పెవరిది? ఒక ప్రాంతంలో ఆయాసమన్నది ఇంకో ప్రాంతంలో దమ్ము. ఆటలమ్మను అమ్మవారు పోసిందంటారు. ఈ మాటలు ఏ వైద్య గ్రంథంలోనూ దొరకవు.

ఈ లోటు పైవాళ్ళకు తెలియక కాదు. భారత వైద్య మండలి 2018లో ఎట్‌కామ్ పేరుతో ఒక పాఠ్యక్రమం తయారుచేసింది. నడవడిక, నీతి, రోగితో మాట్లాడే తీరు అందులోని పాఠాలు. 2019లో ఎంబీబీఎస్‌లో చేరినవారి నుంచి అది అమలులోకి వచ్చింది. డాక్టరు కావడమంటే ఏమిటి, రోగి కావడమంటే ఏమిటి అన్న పాఠాలు మొదటి సంవత్సరంలోనే ఉన్నాయి. కోత కోసి నేర్చుకునే మృతదేహం మొదటి గురువన్న పాఠమూ ఉంది. చదువు మొదట్లో ప్రాంతీయ భాష నేర్పాలన్నారు. 2020లో వైద్య మండలి స్థానంలో జాతీయ వైద్య కమిషన్ వచ్చింది. పాఠాలు మాత్రం ఉన్నాయి.

వీటితోపాటు విద్యార్థి ఒక పుస్తకం రాయాలి. వార్డులో చూసినదీ, చేసినదీ తలపోసుకుని ఏం జరిగింది, దానివల్ల తనకేం తెలిసింది, ఇక ముందు ఏం చేస్తాను అని తన మాటల్లో పెట్టాలి. రోగి పేరు మాత్రం రాయకూడదు. అమెరికాలో కొలంబియా విశ్వవిద్యాలయం డాక్టరు రీటా షారన్ 1990లలో ఇటువంటి పనే తన విద్యార్థుల చేత చేయించారు. కేస్‌షీటులో పట్టని సంగతులను వేరే కాగితం మీద మామూలు మాటల్లో రాయమన్నారు. నిజామాబాదు జిల్లా డిచ్‌పల్లి ఆస్పత్రిలో కుష్ఠు రోగులకు వైద్యం చేసిన డాక్టరు కేశవరెడ్డి తెలుగువారు మరచిపోలేని నవలలు రాశారు. అందరినీ నవలలు రాయమని ఇక్కడ ఎవరూ అడగడం లేదు. ఒక పేజీ చాలు.

ఆ పేజీ వల్ల రోగికి ఒరిగేదేమిటని అడగవచ్చు. షుగరు రోగి సంగతి చూడండి. ‘ఈ బిళ్ళ ఉదయం టిఫినుకు ముందు వేసుకో’ అని డాక్టరు చెబుతాడు. రోగి తల ఊపుతాడు. పొలానికి పోయే మనిషికి టిఫిను ఎక్కడిది? ఆరింటికి బిళ్ళ మింగి పనిలోకి దిగుతాడు. చద్ది విప్పేది పదింటికి. షుగరు దించే కొన్ని బిళ్ళలు అలా ఖాళీ కడుపు మీద నాలుగు గంటలుంటే చెమటలు పట్టి, కళ్ళు బైర్లు కమ్మి, గట్టు మీద పడిపోయే ప్రమాదం ఉంది. మందు పడలేదనుకుని ఆ మనిషి దాన్ని మానేస్తాడు. మళ్ళీ వచ్చినప్పుడు చెప్పిన మాట వినలేదని తిట్లు తింటాడు. ఆ సాయంత్రం విద్యార్థి కూర్చుని ‘అతను ఏ వేళకు ఏం తింటాడో నేను అడగలేదు’ అని ఒక్క వాక్యం రాసుకుంటే, మరునాడు ఇంకో రోగిని అడుగుతాడు. చెప్పినదాన్ని రోగి చేత తిరిగి చెప్పించుకోవడం కూడా అప్పుడే అలవాటవుతుంది. దానికి పట్టేది అర నిమిషం.

అయితే సీనియర్ల రికార్డులు చూసి ఎక్కించుకోవడం మన కాలేజీల్లో పాత జబ్బు. ఈ పుస్తకానికీ అది అంటుకుంటే చేసిన పనంతా బూడిదలో పోసిన పన్నీరే. రోగి బాధ చూసి చలించిపోయాను, మంచి డాక్టరును కావాలని నిశ్చయించుకున్నాను అని నలభై మంది ఒకేలా రాస్తే అందులో రోగి ఎక్కడున్నాడు? మార్కులు వేసేకొద్దీ మేష్టారికి నచ్చేదే రాస్తారు. అందుచేత దీనికి మార్కులు ఉండకూడదు. మేష్టారు చదివి, అంచున నాలుగు మాటలు రాసి తిరిగి ఇవ్వాలి. తెలుగు వచ్చిన పిల్లలను తెలుగులోనే రాయనివ్వాలి. రోగి తెలుగులో చెప్పిన మాట ఇంగ్లీషులోకి మారేసరికి ‘నొప్పి’ ఒక్కటే మిగులుతుంది. పోటు, సలుపు, తీపు, లాగుడు అన్నీ పోతాయి. తేడా తెలిసిన డాక్టరుకు జబ్బు పట్టుకోవడం తేలిక.

డాక్టర్ల ఇబ్బందీ లేకపోలేదు. చీటీలు వంద దాటిన రోజున ఎవరి గోడు సాంతం వింటారు? ఖాళీ పోస్టులు నింపకుండా ఓపిక పాఠాలు చెబితే సరిపోదు. కానీ ఇంకో సంగతి ఉంది. ఊళ్ళో ఆర్‌ఎంపీ దగ్గరకు జనం ఎందుకు పోతున్నారు? అతని చదువు చూసి కాదు. ‘ఏం పెద్దమ్మా, రాత్రి నిద్ర పట్టిందా’ అని అడుగుతాడు కనుక. అవసరం లేని సూది వేసినా, సెలైను ఎక్కించినా, ఆ ఒక్క పలకరింపుతో నమ్మకం సంపాదిస్తున్నాడు. ఎంబీబీఎస్ చదివినవారి నోట అదే పలకరింపు వస్తే జనం అటు పోరు.

మాట లేనిచోట గొడవలూ లేస్తాయి. ఆస్పత్రులపై దాడులు ఆపడానికి ఉమ్మడి రాష్ట్రంలో 2008లో చట్టం చేశారు. దాడి చేసినవారిని శిక్షించవలసిందే, అందులో రెండో మాట లేదు. రోగి పరిస్థితి విషమిస్తోందని ముందుగా ఒకరు పక్కకు పిలిచి, కూర్చోబెట్టి చెబితే ఎన్నో గొడవలు గడప దాటవు. ‘పెద్దాస్పత్రికి తీసుకుపొండి’ అనడం చెప్పడం కాదు. ఆపరేషనుకు ముందు వేలిముద్ర వేయించుకునే కాగితం సంగతీ ఇంతే. చికిత్స ఏమిటో, వేరే దారి ఉందో లేదో, ప్రమాదం ఎంతో తగినంతగా చెప్పాకే ఒప్పుకోలు తీసుకోవాలని సుప్రీంకోర్టు 2008లోనే తీర్పు ఇచ్చింది. ఇంగ్లీషు కాగితం మీద తెలుగు వేలిముద్ర ఒప్పుకోలు ఎలా అవుతుందో ఆస్పత్రులవారే చెప్పాలి. మందుల చీటీ చదవగలిగేలా, వీలైతే పెద్ద అక్షరాలతో రాయాలని 2016లో నిబంధన వచ్చింది. మందుల షాపు కుర్రవాడికి తప్ప అర్థం కాని చీటీలు ఇప్పటికీ పల్లెలకు వస్తూనే ఉన్నాయి.

ఇక పల్లెల వంతు. 2022 నుంచి వైద్య విద్యార్థులు పల్లెల్లో కుటుంబాలను దత్తత తీసుకుని, తరచు వచ్చి వారి ఆరోగ్యం చూడాలన్న పద్ధతి వచ్చింది. తెల్లకోటు వేసుకున్న పిల్లలు కొన్ని ఊళ్ళలో ఇప్పటికే కనిపిస్తున్నారు. వాళ్ళను చూసి బీపీ మిషను వాళ్ళు వచ్చారనుకుని చెయ్యి చాపి ఊరుకుంటే లాభం లేదు. ఫొటో దిగి పంపేస్తే అసలే లాభం లేదు. ఆశా కార్యకర్త వెంట ఉండి, ఏ ఇంట్లో ఎవరు ఏ వేళకు తింటారో, ఎవరు పనికి పోతారో వాళ్ళకు తెలిసేలా చేయాలి. పిల్లలు తప్పు తెలుగు మాట్లాడితే నవ్వకుండా దిద్దాలి. ఆర్‌ఎంపీ దగ్గర వేయించుకున్న సూదులు, పసరు మందులు, మధ్యలో మానేసిన బిళ్ళలు దాచిపెట్టకూడదు. డాక్టరు తిడతాడని దాచడం మన వైపు తప్పు. మంచం వాల్చి కూర్చోబెట్టి, దూలానికి వేలాడుతున్న మందుల సంచీ ముందు పోసి, ఏ బిళ్ళ ఎందుకో, ఏ వేళకో విప్పి చెప్పమని అడగాలి.