కీబోర్డు గుమాస్తాలకేనా?

మెయిన్స్ జీఎస్ పేపర్ ఒక్కటి తీసుకుని లెక్క వేయండి. 20 ప్రశ్నలు. సగం 150 పదాలవి, సగం 250 పదాలవి. మొత్తం 4,000 పదాలు, 180 నిమిషాలు. ఆలోచించడానికి ఒక్క సెకను ఆగకపోయినా నిమిషానికి 22 పదాలు రాయాలి. చూపు లేని అభ్యర్థికి గంటకు 20 నిమిషాలు అదనంగా ఇస్తారు కాబట్టి 240 నిమిషాలు, అంటే నిమిషానికి దాదాపు 17 పదాలు.

ఇప్పుడు దీని పక్కన ఎస్ఎస్‌సీ వాళ్ల సీహెచ్ఎస్ఎల్ పెట్టండి. అందులో ఎల్‌డీసీ పోస్టుకి ఇంగ్లిష్‌లో నిమిషానికి 35 పదాలు టైప్ చేయాలి. చూపు లేని అభ్యర్థికి పాసేజ్‌ని ఒకరు చదివి వినిపిస్తారు, తను విని టైప్ చేస్తాడు. ఆ వేగం ఉన్న మనిషికి 4,000 పదాలు కొట్టడానికి రెండు గంటలు కూడా అక్కర్లేదు. మిగతా రెండు గంటలు ఆలోచనకే. గుమాస్తా పోస్టుకి ‘నువ్వు టైప్ చేయగలవు, చేసి చూపించు’ అనే వ్యవస్థ, కలెక్టర్ పోస్టు దగ్గరికి వచ్చేసరికి ఇన్నేళ్లుగా ‘నీకు వేరేవాళ్ల చెయ్యి ఇస్తాం’ అంటూ వచ్చింది. నాకు అభ్యంతరం ఇక్కడే.

నేను తటస్థంగా మాట్లాడటం లేదు, ముందే చెబుతున్నా. నాకు రెటినైటిస్ పిగ్మెంటోజా. బీటెక్ రెండో ఏడాదికే బోర్డు మీద రాసింది కనిపించడం మానేసింది. మా ఊళ్లో టైపు నేర్చుకుందామని వెళ్తే, చూపు సరిగా లేనివాళ్లకి నేర్పడం కుదరదన్నారు. లోయర్, హయ్యర్ చేసినవాళ్లని అడగండి, టైప్ మాస్టారు తిట్టేది దేనికో. కీల వంక చూసినందుకే! చూడకుండా కొట్టడమే ఆ విద్య అయినప్పుడు, చూడలేనివాడికి అది రాదని ఎలా అనుకుంటారో నాకు ఇప్పటికీ అర్థం కాదు. చరిత్ర కూడా వేరే మాట చెబుతుంది. ఇటలీలో పెల్లెగ్రినో తుర్రి తొలి టైపు యంత్రాల్లో ఒకదాన్ని తయారుచేసింది చూపు లేని ఒక కౌంటెస్ తన ఉత్తరాలు తనే రాసుకోవడానికి. 1808లో ఆమె టైప్ చేసిన ఉత్తరాలు ఇప్పటికీ ఉన్నాయి.

స్క్రైబ్ సంగతి. 2021 వికాస్ కుమార్ వర్సెస్ యూపీఎస్సీ తీర్పుని మనమందరం జీఎస్-2 నోట్సులో రీజనబుల్ అకామడేషన్ కింద రాసుకున్నాం. మంచి తీర్పు. కానీ స్క్రైబ్‌తో మెయిన్స్ రాయడమంటే ఏమిటో కూడా తెలుసుకోండి. 2018 మార్గదర్శకాల ప్రకారం అభ్యర్థి తెచ్చుకునే స్క్రైబ్ చదువు అభ్యర్థి చదువుకంటే ఒక మెట్టు తక్కువ ఉండాల్సి వచ్చేది. కాపీ జరగకూడదని పెట్టిన నిబంధన, కారణం అర్థమవుతుంది. ఫలితం మాత్రం ఇది: ‘సబ్సిడియారిటీ’ అనాలంటే అక్షరం అక్షరం చెప్పాలి. ఎస్సే మధ్యలో రెండో పేరా ముందుకు జరపాలనిపిస్తే మనసులోనే చంపుకోవాలి. అవతలి మనిషి చెయ్యి నొప్పెడుతోందని మీ వాక్యం కుదించుకుంటారు. చివరికి మార్కులు పడేది ఇద్దరి మధ్య కుదిరిన రాజీకి. అదే కీబోర్డు అయితే, రాసింది వినొచ్చు, దిద్దొచ్చు, మొత్తం కొట్టేసి మళ్లీ రాయొచ్చు.

నేర్చుకోవడం గురించి. చూపు తగ్గుతున్నవాళ్లు పూర్తిగా తగ్గేదాకా ఆగకండి. ఎఫ్, జె కీల మీద చిన్న గీతలు తగులుతాయి, రెండు చూపుడువేళ్లూ అక్కడే కాపురం. ల్యాప్‌టాప్‌లో అవి అరిగిపోయి ఉంటే నెయిల్ పాలిష్ చుక్క పెట్టుకోండి. ఎన్‌వీడీఏ ఉచితం. ఇన్సర్ట్‌తో 1 నొక్కితే ఏ కీ తాకినా దాని పేరు చెబుతుంది, పని మాత్రం చేయదు. మొదటి వారమంతా ఇదే ఆట. ఇన్సర్ట్‌తో 2 నొక్కితే కొట్టిన ప్రతి అక్షరం చదువుతుంది, 3 నొక్కితే పదం పదం. అక్షరాల నుంచి పదాలకు మారిన రోజు వేగం పెరుగుతుంది. తర్వాత ఆ రోజు ఎడిటోరియల్ విని, సారాంశం టైప్ చేయండి. కరెంట్ అఫైర్స్ కూడా అయిపోతుంది.

‘అందరికీ కంప్యూటర్ ఎక్కడుంది?’ అని అడుగుతారు. న్యాయమైన ప్రశ్న. కంప్యూటర్ ముట్టుకోకుండానే ఇంటర్ దాటిన అంధ విద్యార్థులు ఉన్నారు, వాళ్ల మీద కీబోర్డు రుద్దితే అది ఇంకో అన్యాయం. కాబట్టి స్క్రైబ్ ఉండాల్సిందే. 2018 మార్గదర్శకాలు కూడా బ్రెయిలీ, కంప్యూటర్, పెద్ద అక్షరాలు, రికార్డింగ్... ఏది కావాలో ఎంచుకునే అవకాశం అభ్యర్థికి ఇవ్వాలన్నాయి. కంప్యూటర్ మీద రాసేవాళ్లు ఒకరోజు ముందే దాన్ని పరీక్షించుకోవచ్చని కూడా అన్నాయి. 2025లో సుప్రీంకోర్టులో మిషన్ యాక్సెసిబిలిటీ వేసిన కేసులో, స్క్రీన్ రీడర్ తేవడానికి యూపీఎస్సీ సూత్రప్రాయంగా ఒప్పుకుంది. కాగితం మీది మాట హాలులోకి వచ్చేలోపు మన వేళ్లు సిద్ధంగా ఉండాలి.

తెలుగు మీడియం వాళ్లకి ఇంకో మాట. ఇంగ్లిష్ అక్షరాలతో కొట్టి తెలుగు తెప్పించే పద్ధతిలో సరైన పదాన్ని తెర మీది జాబితాలోంచి ఏరుకోవాలి, అది చూపున్నవాళ్ల పని. ఇన్‌స్క్రిప్ట్‌లో ఆ గోల లేదు. అచ్చులు, గుణింతాలు ఎడమ చేతికి, హల్లులు ఎక్కువగా కుడి చేతికి. గీత ఉన్న ఎఫ్ మీద గుడి, జె మీద ‘ర’, డి మీద పొల్లు. ‘ప్ర’ కావాలంటే హెచ్, డి, జె. పలికే వరుసే కొట్టే వరుస. హిందీకీ ఇవే చోట్లు కాబట్టి ఒకసారి వేళ్లకు పడితే రెండు భాషలు వస్తాయి. రేపు ఎప్పుడైనా ఆప్షన్ అడిగితే, ఫారంలో ‘కంప్యూటర్’ అని టిక్ పెట్టి ఊరుకోవద్దు. ఆ మెషీన్‌లో తెలుగు ఇన్‌స్క్రిప్ట్, తెలుగు చదివే గొంతు రెండూ ఉండాలని ముందే రాతపూర్వకంగా అడగండి, ఒకరోజు ముందు వెళ్లి ‘క్షేత్రస్థాయి’ అని కొట్టి, అది ఎలా పలుకుతుందో విని రండి.