గంటల లెక్క ఒక్కటే చాలదు

దేవనహళ్లిలో 2008 మే నెలలో విమానాశ్రయం తెరుచుకున్నప్పటి నుంచి గౌరిబిదనూరు, బాగేపల్లి, చింతామణి పిల్లల చూపు అటే ఉంది. ‘ఏవియేషన్ కోర్సు’ అంటే చాలు, అప్పు చేసైనా ఫీజు కట్టే తల్లిదండ్రులున్నారు. అయితే చేతికొచ్చేది పనితనమా, కాగితమా?

ఈ తేడా ఎంతటిదో మన రాష్ట్రమే చూసింది. 2010 మే 22న దుబాయ్ నుంచి వచ్చిన విమానం మంగళూరులో రన్‌వే దాటి లోయలో పడి 158 మంది చనిపోయారు. కెప్టెన్ అనుభవం 10,000 గంటల పైమాటే. దిగొద్దు, మళ్లీ పైకి లేపుదామని కో-పైలట్ మూడుసార్లు చెప్పినా ఆయన వినలేదని విచారణలో తేలింది. లాగ్‌బుక్కులో గంటలకు కొదవలేదు. పక్కవాడి మాట చెవికెక్కించుకోవడమే కొరవడింది.

అంతర్జాతీయ పౌర విమానయాన సంస్థ, అదే ఐకావో, చెబుతున్న సామర్థ్య ఆధారిత శిక్షణ సారం కూడా ఇదే. ఎన్ని గంటలు ఎగిరాడన్నదొక్కటే కాదు, ఏం చేయగలడో చూడాలంటుంది. పరిస్థితి పసిగట్టడం, నిర్ణయం తీసుకోవడం, జట్టుతో మాట్లాడటం కూడా పరీక్షకు రావాలి. కంట్రోలర్లకు, విమాన మెకానిక్కులకూ ఇదే పద్ధతి. మన దేశంలో కమర్షియల్ పైలట్ లైసెన్సుకు 200 గంటల షరతుంది. ఉండాల్సిందే. కానీ ఎగరని గంటలను ఎగిరినట్టు రాశారని 2011లో రాజస్థాన్‌లో కేసులు పెట్టారు. దొంగ మార్కుల జాబితాలతో లైసెన్సులు తెచ్చుకున్న పైలట్లు అరెస్టయిందీ ఆ ఏడాదే. కాగితాన్ని నమ్ముకుంటే ఇంతే సంగతులు!

ఇంట్లో తెలుగు, బడిలో కన్నడం కదా, ఇంగ్లీషెలా అని మన పిల్లలు బెదిరిపోనక్కర్లేదు. పైలట్లకు, కంట్రోలర్లకు ఐకావో కోరేది కనీసం నాలుగో స్థాయి. మాటల్లో యాస ఉన్నా ఫర్వాలేదు, అవతలివాళ్లకు అర్థం కావాలి. అది కూడా సామర్థ్య పరీక్షే.

పైలట్ శిక్షణకైనా, మెకానిక్ శిక్షణకైనా ఫీజు కట్టేముందు ఆ సంస్థ డీజీసీఏ ఆమోదిత జాబితాలో ఉందో లేదో చూసుకోవాలి. లైసెన్సు ఇచ్చేది డీజీసీఏనే తప్ప ఇన్‌స్టిట్యూట్ కాదు. గ్రౌండ్ స్టాఫ్ కోర్సయితే ఏయే పనులు చేతితో చేయించి నేర్పుతారో రాసిమ్మని అడగాలి. రాసివ్వనివాళ్లకు దణ్ణం పెట్టి వచ్చేయడమే మేలు. డీజీసీఏ జాబితాను తాలూకాలోని ప్రతి పీయూ కాలేజీ నోటీసు బోర్డు మీద అంటించడం విద్యాశాఖకు ఒక్కపూట పని. అడ్మిషన్ల సీజన్‌కు ముందే ఆ పని జరగాలి.