తేటనీరంతా మంచినీరు కాదు

మన పట్టణాల్లో ఏ అక్వేరియం దుకాణానికి వెళ్లినా రంగుచేపల పక్కన చిన్న చిన్న తాబేలు పిల్లలు కనిపిస్తుంటాయి. అవి రూపాయి బిళ్లకన్నా కాస్త పెద్దవిగా ఉంటాయి. వీపు ఆకుపచ్చగా ఉంటుంది, కంటి వెనుక ఎర్రని చార ఉంటుంది. ఇవి ఎర్రచెవుల తాబేళ్లు. వీటి పుట్టిల్లు అమెరికాలోని మిసిసిపీ నదీ ప్రాంతం. తాబేలు కొన్నవారికి దుకాణదారు ఒక చిన్న సీసా కూడా అంటగట్టి, "తొట్టెలో నాలుగు చుక్కలు వేయండి, నీళ్లు బాగుంటాయి" అని చెబుతాడు. దీన్నే వాటర్ కండిషనర్ అంటారు. మన పిల్లలు మాత్రం దీన్ని "నీళ్ల మందు" అంటున్నారు.

సగం కీడు ఈ పేరువల్లనే జరుగుతున్నదని నా అభిప్రాయం. మందు అనగానే రోగం నయం చేస్తుందనుకుంటాం. ఎక్కువ వేస్తే ఎక్కువ గుణం వస్తుందని కూడా అనుకుంటాం. ఈ రెండు నమ్మకాలూ తాబేలుకు చేటు తెచ్చేవే. ఆ సీసా చేసే పని ఏమిటో, చేయని పని ఏమిటో తెలుసుకున్న తర్వాతే దాని మూత తీయాలి.

ముందు అది చేసే పని చూద్దాం. కలరా, టైఫాయిడ్ వంటి రోగాలు రాకుండా కుళాయి నీటిలో క్లోరిన్ కలుపుతారు. అమెరికాలోని జెర్సీ సిటీ నగరం 1908లోనే ఈ పద్ధతిని నిత్యం అమలులో పెట్టింది. మన దేశపు తాగునీటి ప్రమాణం ప్రకారం కుళాయి దగ్గరకు చేరే నీటిలో కూడా లీటరుకు కనీసం 0.2 మిల్లీగ్రాముల క్లోరిన్ మిగిలి ఉండాలి. మనకు మేలు చేసే ఈ క్లోరిన్ తొట్టెలోని జీవులకు అంత మేలు చేయదు. కండిషనర్ పని ఈ క్లోరిన్‌ను విరిచివేయడమే. చాలా రకాలలో ఉండే ముఖ్య పదార్థం సోడియం థయోసల్ఫేట్. ఫిల్ము కెమెరాల కాలంలో స్టూడియోల చీకటి గదుల్లో వాడిన "హైపో" ఇదే. ఇది క్లోరిన్‌ను క్షయకరణం చేసి క్లోరైడుగా మారుస్తుంది. మనం తినే ఉప్పులో ఉన్నది కూడా క్లోరైడే గదా!

ఇక అది చేయని పని చూడండి. తాబేలు చేపలకన్నా ఎక్కువ తింటుంది, ఎక్కువ విసర్జిస్తుంది. ఆ మలినంనుంచీ, మిగిలిపోయిన మేతనుంచీ నీటిలో అమ్మోనియా పుడుతుంది. అమ్మోనియాకు రంగు లేదు. అందుచేత నీరు అద్దంలా తేటగా ఉండి కూడా తాబేలు కళ్లనూ చర్మాన్నీ బాధిస్తూ ఉండవచ్చు. హైపో దీన్ని తీయలేదు. కొన్ని ఖరీదైన రకాలు అమ్మోనియాను కొంతకాలం కట్టిపెడతాయని సీసామీద రాస్తారు. కట్టిపెట్టినా మలినం తొట్టెలోనే ఉంటుంది గాని బయటకు పోదు.

మన పల్లెల్లో ఏటి నీళ్లు తేర్చడానికి చిల్లగింజ అరగదీసి కలిపేవారు. చిల్లగింజ బురదను దించుతుంది గాని రోగక్రిములన్నిటినీ చంపదు. అందుకే ఆ నీటిని కాచి తాగమని చెబుతాం. కండిషనర్ సంగతీ అంతే. క్లోరిన్‌ను విరవడం దాని పని. మలినం, నీటి కఠినత్వం, ఫ్లోరైడు దాని జోలికి రావు.

అయితే మలినాన్ని తీసేదెవరు? కొంత మనం తీయాలి, కొంత బాక్టీరియాలు తీస్తాయి. ఫిల్టరులోని స్పంజిలో కాపురముండే బాక్టీరియాలు అమ్మోనియాను నైట్రైట్‌గా మారుస్తాయి. మరికొన్ని ఆ నైట్రైట్‌ను అంత హాని చేయని నైట్రేట్‌గా మారుస్తాయి. పొలంలో జరిగే నత్రజని చక్రం గురించి మీరు పాఠంలో చదివారు. అదే చక్రం ఈ తొట్టెలోనూ తిరుగుతుంది. పేరుకున్న నైట్రేట్‌ను మాత్రం నీరు మార్చి మనమే బయటకు పంపాలి.

ఇక్కడ కొందరు ఒక వాదన తెస్తారు. "తాబేలు చేపలాగా మొప్పలతో కాక ఊపిరితిత్తులతో గాలి పీలుస్తుంది. దానికి క్లోరిన్‌తో ఏం పని?" అంటారు. ఈ మాటలో కొంత నిజముంది. చేపను చంపగల క్లోరిన్ తాబేలును సాధారణంగా చంపదు. కాని అది కళ్లను మండించగలదు. అంతకన్నా ముఖ్యం, స్పంజిలోని బాక్టీరియాలను చంపగలదు. బాక్టీరియాలు చస్తే అమ్మోనియా పెరుగుతుంది. అంటే క్లోరిన్ దెబ్బ తాబేలుకు దొడ్డిదారిన తగులుతుంది. అందుకే స్పంజిని కుళాయి కింద కడగవద్దు. తొట్టెలోంచి తోడిన పాత నీటిలోనే పిండండి.

అసలు కండిషనర్ అవసరమా అన్నది తర్వాతి ప్రశ్న. మీ ఇంటికి వచ్చేది బోరు నీరో బావి నీరో అయితే, ఎవరూ బ్లీచింగ్ పొడి కలపనంతవరకు అందులో క్లోరిన్ ఉండదు. లేని క్లోరిన్‌ను విరవడానికి డబ్బు పోసి సీసా కొనడం దేనికి? మునిసిపాలిటీ నీరయినా వెడల్పాటి బకెట్టులో పట్టి ఒకరోజు ఎండలో ఉంచితే క్లోరిన్ చాలావరకు పోతుంది. ఇందుకు కానీ ఖర్చు లేదు. అమెరికాలో ఉన్న మనవాళ్లు మాత్రం ఈ ఉపాయాన్ని నమ్ముకోరాదు. అక్కడ చాలా నగరాల్లో క్లోరిన్‌కు బదులు క్లోరమిన్ వాడతారు. అది అంత త్వరగా ఎగిరిపోదు. హైపో దాన్ని విరిచినా అమ్మోనియా మిగులుతుంది.

మీ నీటిలో క్లోరిన్ ఉన్నదో లేదో బడి ప్రయోగశాలలో మీరే చూడవచ్చు. మాస్టారి ఎదుట చేయండి. పరీక్షనాళికలో అప్పుడే పట్టిన కుళాయి నీరు తీసుకుని, పొటాషియం అయొడైడ్ పలుకు ఒకటి, చల్లారిన పల్చని గంజి కొంచెం, వెనిగర్ ఒక చుక్క వేయండి. వెంటనే నీలిరంగు వస్తే క్లోరిన్ ఉన్నట్టే. అందులో హైపో పలుకు వేసి కలిపితే ఆ నీలం మాయమవుతుంది. బోరు నీటితోనూ, ఒకరోజు ఎండలో ఉంచిన నీటితోనూ ఇదే చేసి పోల్చి చూడండి. క్లోరిన్ మరీ తక్కువగా ఉంటే రంగు కంటికి అందకపోవచ్చని గుర్తుంచుకోండి.

అవసరమని తేలితే అప్పుడు వాడండి, కాని కొలిచి వాడండి. "నాలుగు చుక్కలు" కొలత కాదు. తొట్టె పొడవు 60 సెంటీమీటర్లు, వెడల్పు 30, నీటి లోతు 20 అనుకుందాం. మూడూ గుణిస్తే 36,000 ఘన సెంటీమీటర్లు, అంటే 36 లీటర్లు. తొట్టె ఎత్తును కాక నీటి లోతునే లెక్కలోకి తీసుకోవాలి. ఏమంటే తాబేలు తొట్టెను ఎవరూ అంచుదాకా నింపరు. అందులో పావువంతు, అంటే 9 లీటర్లు మారుస్తున్నారు. సీసామీద 40 లీటర్లకు 5 మిల్లీలీటర్లు అని ఉందనుకోండి. 5ను 9తో గుణించి 40తో భాగిస్తే సుమారు 1.1 మిల్లీలీటర్లు వస్తుంది. సూది లేని సిరంజితో ఇది తేలికగా కొలవవచ్చు. ఆ మోతాదును కొత్త నీరున్న బకెట్టులోనే వేసి బాగా కలిపి, తర్వాత తొట్టెలో పోయాలి. తాబేలు మీద ఎన్నడూ వేయరాదు.

మోతాదు కాస్త మించితే ఏమవుతుందంటారా? హైపో స్వతహాగా పెద్ద విషం కాదు. కాని కొన్ని రకాల సీసాల్లో ఉండే బలమైన క్షయకరణులు ఎక్కువైతే నీటిలో కరిగిన ఆక్సిజన్‌ను కూడా తినేస్తాయి. తాబేలు తల పైకెత్తి గాలి పీల్చుకోగలదు. స్పంజిలోని బాక్టీరియాలకు ఆ వీలు లేదు. 9 లీటర్ల కుళాయి నీటిలో లీటరుకు 0.2 మిల్లీగ్రాముల చొప్పున ఉన్న క్లోరిన్ మొత్తం 1.8 మిల్లీగ్రాములే. దాన్ని విరవడానికి ఏడింతల హైపో పలుకులు చాలు. అంటే సుమారు 13 మిల్లీగ్రాములు. చిటికెడు కూడా కాదు! ఇంత చిన్న పనికి సీసా వంచి పోయడం ఎందుకు?

నేను అన్నిటికన్నా ఎక్కువగా భయపడేది ఇందుకు: సీసా ఉన్నదన్న ధైర్యంతో నీరు మార్చడం మానేస్తున్నారు. తాబేలు కళ్లు వాచి మూసుకుపోతే మరికొన్ని చుక్కలు పోస్తున్నారు. కళ్లు వాయడానికి మురికి నీరు కారణం కావచ్చు, మేతలో విటమిన్ ఎ లోపం కారణం కావచ్చు. కండిషనర్ ఈ రెంటిలో దేనికీ విరుగుడు కాదు. అలాంటప్పుడు పశువైద్యునికి చూపించాలి. ఫిల్టరు ఉన్న తొట్టెలో వారానికొకసారి పావువంతుకు తగ్గకుండా నీరు మార్చండి. ఫిల్టరు లేని చిన్న తొట్టె అయితే రెండురోజులకోసారి మొత్తం మార్చవలసిందే. తాబేళ్లు సాల్మొనెల్లా అనే బాక్టీరియాను మోస్తూ ఉంటాయి. అందుచేత ఆ నీటిని వంటింటి తొట్టిలో పారబోయకండి, పనయ్యాక సబ్బుతో చేతులు కడుక్కోండి. ఈ భయంతోనే అమెరికాలో నాలుగు అంగుళాలకన్నా చిన్న చిప్ప గల తాబేళ్ల అమ్మకాన్ని 1975లో నిషేధించారు.

దుకాణదారులకూ ఒక మాట. సీసాతోపాటు ఏ నీటికి వాడాలో, ఎన్ని లీటర్లకు ఎంతో తెలుగులో అచ్చువేసిన చిన్న కాగితం ఇవ్వడం పెద్ద పని కాదు. ఎర్రచెవుల తాబేలు 20, 30 ఏళ్లు బతుకుతుందనీ, ఆడది జానెడుకన్నా పెద్దదవుతుందనీ కూడా అందులో చెప్పాలి. ఈ సంగతి తెలియక కొన్నవారు, అది పెరిగాక విసిగి చెరువులో వదులుతున్నారు. అక్కడ అది మన తాబేళ్ల మేతనూ తావునూ ఆక్రమిస్తుంది. అలాగని మన నక్షత్ర తాబేలునో, చెరువు తాబేలునో తెచ్చి పెంచుదామంటారేమో! 1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టం ప్రకారం అది నేరం.

ఇంకా కొననివారు కొనకముందే ఇదంతా ఆలోచించండి. ఇప్పటికే ఇంట్లో తాబేలు ఉన్నవారు ఈ ఆదివారం స్కేలు తీసుకుని తొట్టెలో నీరెన్ని లీటర్లో లెక్కకట్టి, ఆ అంకెను సీసామీద రాసి అతికించండి. నీరు బాగాలేదని చెప్పడానికి ఆ తాబేలుకు నోరు లేదు. దాని తరఫున లెక్క చూడవలసింది మీరే.