పానగల్లు యుద్ధం మతయుద్ధమా?

పాలమూరు సీమలోని పానగల్లు దుర్గం కోసం 1417–1420 మధ్య జరిగిన పోరును ఒకరు ధర్మయుద్ధమంటే, మరొకరు జిహాదంటారు. (నల్లగొండ సమీపంలోని పానగల్లు వేరు, ఈ రెండింటినీ కలిపివేసేవారూ ఉన్నారు.) ఇరువురికీ ప్రధానాధారం ఫెరిష్తాయే. బహమనీ సుల్తాను ఫిరోజ్‌షా రెండేళ్ళు కోటను ముట్టడించాడనీ, శిబిరంలో వ్యాధి ప్రబలిందనీ, గెలిచిన విజయనగర సేన ముస్లిముల తలలతో దిబ్బ పేర్చి మసీదులను కూల్చిందనీ అతడు రాశాడు. ఈ కథనాన్ని ప్రత్యక్షసాక్ష్యంగా స్వీకరించడం మొదటి దోషం. బీజాపురం ఆస్థానంలో ఫెరిష్తా గ్రంథరచన చేసేనాటికి యుద్ధం ముగిసి దాదాపు 190 ఏళ్ళు గడిచాయి.

గాజీ, కాఫిర్ అన్నవి పారసీక చరిత్రకారుల వాడుక పరిభాష. మన ప్రశస్తికారులూ ఇందుకు తీసిపోరు. ప్రోలయనాయకుని విలస తామ్రశాసనంలో తురుష్కులు రాక్షసప్రాయులు. ఒకదాన్ని అలంకారమనీ, మరొకదాన్ని వాస్తవమనీ చదవడం పరిశోధన అనిపించుకోదు.

దేవరాయల కుమార్తెను ఫిరోజ్‌షా పెండ్లాడాడని చెప్పినదీ ఫెరిష్తాయే. రెండవ దేవరాయలు ముస్లిం సైనికుల కోసం సింహాసనం ముందు ఖురాన్ ఉంచాడని రాసినదీ అతడే. తలల దిబ్బను అక్షరాలా నమ్మినవారు ఈ మామా అల్లుళ్ళ కథను ఏ ప్రమాణంతో విడిచిపెట్టారు?

నల్లగొండ సీమ చరిత్ర మతయుద్ధ వాదానికి మరింత ప్రతికూలం. రాచకొండ రేచర్ల వెలమలు విజయనగరానికి ఎదురు నిలిచినప్పుడు బహమనీల తోడు పొందారు. 1459 ప్రాంతంలో హుమాయూన్‌షా సేనలు దేవరకొండను చుట్టుముట్టగా, అక్కడి వెలమ నాయకుడు గజపతుల సాయంతో వాటిని ఓడించాడు. వెలుగోటివారి వంశావళిని పక్కన పెట్టుకొని ఫెరిష్తాను చదివినవారికి ఈ పొత్తులు కనబడకపోవు.