చెవిన పడని మాటలా అవి?

“సినిమా మాటలూ సాహిత్యమేనా?” అని మన విమర్శకులు ముక్కు విరుస్తారు. నేను చదివిన ఎం.ఎ. పాఠాల్లో డి.వి. నరసరాజు (1920-2006) పేరు లేకపోవడానికి ఈ విరుపే కారణం. ఆయన పుట్టింది సత్తెనపల్లి ప్రాంతపు తాళ్ళూరులో. ఆయన రాసిన ‘గుండమ్మ కథ’ (1962) మాటలు మా గుంటూరు పల్లెల్లో పిల్లలు కూడా అప్పజెబుతారు. రాసిందెవరని తరగతిలో అడిగితే ఒక్క చెయ్యీ లేవలేదు.

1954లో కె.వి. రెడ్డి తీసిన ‘పెద్దమనుషులు’ రచయితగా ఆయన తొలి చిత్రం. ఇబ్సెన్ నాటకం ప్రేరణతో పుట్టిన ఆ కథలో మునిసిపల్ ఛైర్మన్ ధర్మారావు మనకు పరాయివాడు కాడు. మిర్చి తూకంలో రైతును ముంచి, ఆ డబ్బుతో గుడి గోపురం కట్టించి దండలు వేయించుకునేవాళ్ళందరూ అతని బంధువులే. గిరీశాన్ని పాఠం చెప్పే మనం ధర్మారావును ఎందుకు చెప్పం? రాసినవాడు మన శిబిరం కాదు, ఎం.ఎన్. రాయ్ అనుచరుడనా?

ఆయన్ను పొగడమనడం లేదు. పదేళ్ళకు వచ్చిన ‘రాముడు భీముడు’ కథా ఆయనదే. అందులో కొరడా చేతులు మారింది. ఆస్తి జోలికి మాత్రం ఎవరూ పోలేదు. ఊరి పెద్దల మీద ఎక్కుపెట్టిన కలం ఇంటిపోరు దగ్గర ఆగిపోయింది. ఇందులో పెట్టుబడి పాలు ఎంత, రచయిత పాలు ఎంత? అది తేల్చడం విమర్శ. చదవకుండా తోసెయ్యడం బద్ధకం. జనం నోట ఆడే మాటను వదిలేసి జనసాహిత్యం మీద మన ఉపన్యాసాలు ఎవరికోసం?