గొడ్డలి మీద మోపిన కరవు నేరం

"చెట్లన్నీ నరికేశారు, అందుకే వానలు మొహం చాటేశాయి." అనంతపురం కరవు మాట ఎత్తిన ప్రతి సభలోనూ ఈ తీర్పు వినపడుతుంది. వనమహోత్సవంలో మొక్క నాటే మంత్రిగారు ఇదే చెబుతారు, వ్యాసరచన పోటీలో పిల్లలు ఇదే రాస్తారు. 2015లో తెలంగాణలో మొదలైన హరితహారానికి కూడా వానలు వాపసు రావాలన్నదే నినాదమైంది. ఒకప్పుడు రాయలసీమంతా దట్టమైన అడవి, నెలకు మూడు వానలు, మనిషి గొడ్డలి పట్టాడు, ఆకాశం అలిగింది. కథ ఇంతే. నీతికథగా వినడానికి బాగుంటుంది గానీ, పటం ముందు నిలవదు.

ఆ పటంలో పడమటికి చూడండి. జూన్‌లో అరేబియా సముద్రం మీంచి తేమ నింపుకొని వచ్చే గాలికి కర్ణాటకలో పశ్చిమ కనుమలు అడ్డం నిలుస్తాయి. చిక్కమగళూరు దగ్గర ముళ్లయ్యనగిరి ఎత్తు 1,930 మీటర్లు. గాలి ఆ కొండలు ఎక్కక తప్పదు. ఎక్కేకొద్దీ చల్లబడుతుంది, అందులోని తేమ మబ్బు కట్టి అక్కడే కురిసిపోతుంది. ఆ కనుమల్లోని ఆగుంబెలో ఏడాదికి 7,000 మిల్లీమీటర్లకు పైగా వాన. అక్కణ్నుంచి సుమారు 300 కిలోమీటర్ల దూరంలోని అనంతపురానికి దక్కేది 550 మిల్లీమీటర్లు, కాస్త అటూ ఇటూ. తేమ పోగొట్టుకొని అవతలి వాలు దిగే గాలి కిలోమీటరు కిందికి వచ్చేసరికి దాదాపు 10 డిగ్రీలు వేడెక్కుతుంది. వేడెక్కిన గాలి కురవకపోగా నేలలో ఉన్న తడిని కూడా పీల్చేస్తుంది. భూగోళం పుస్తకాల్లో వర్షచ్ఛాయ అని చదువుకున్నది ఇదే.

పోనీ, ఈశాన్య రుతుపవనం ఆదుకుంటుందా అంటే, బంగాళాఖాతం వైపు నుంచి వచ్చే ఆ గాలికి వెలికొండలు, పాలకొండలు, శేషాచలం అడ్డు. నెల్లూరు, తిరుపతి తడిసి ముద్దవుతాయి. తీరానికి 250 కిలోమీటర్లకు పైగా లోపల ఉన్న అనంతపురం చేరేసరికి మబ్బులో పస ఉండదు. పాత ఉమ్మడి జిల్లా అంతా ఒకేలా ఉండదు. తూర్పున కదిరికి ఈ వానలో కొంత వాటా దొరుకుతుంది, పడమటన రాయదుర్గం వైపు అదీ సన్నగిల్లుతుంది. రెండు బంతుల్లోనూ ఆఖరి విస్తరి సీమదే. అందులో సీమవాడు చేసిన పాపం ఏముంది?

"అడవి ఉన్నచోటే కదా వాన పడుతోంది" అని వాదించేవాళ్లు కార్యాన్ని కారణం చేస్తున్నారు. అడవి ఉందని ఆగుంబెలో అంత వాన పడటం లేదు, అంత వాన పడుతోంది గనక అక్కడ ఆ అడవి నిలిచింది. 550 మిల్లీమీటర్ల నేలలో సహజంగా పెరిగేది ముళ్లపొదల అడవే. దాన్ని నరకడం తప్పే, కాదనను. నరక్కుండా ఉంచినా ఆగుంబె వాన మాత్రం ఇక్కడికి వచ్చేది కాదు.

అడవి ఆకాశానికి ఏమీ ఇవ్వదని నేననను. పశ్చిమ కనుమల అడవులు వదిలే తేమ తమిళనాడు వానలకు తోడవుతోందని పరిశోధకులు చూపించారు. కానీ ఆ అడవులు గాలి వచ్చే దారిలో ఉన్నవి, వందల కిలోమీటర్ల పొడవునా పరుచుకున్నవి. వాటి రక్షణ కోసం మాధవ్ గాడ్గిల్ కమిటీ 2011లో ఇచ్చిన నివేదిక మూలన పడింది. వాన తెచ్చే బాధ్యతను మాత్రం ఆఫీసు ఆవరణలో నాటిన కానుగ మొక్కకు అప్పగించాం.

చెట్టు చేయగల పనులు వేరే ఉన్నాయి. కణేకల్లు, బొమ్మనహాళ్ మండలాల్లో హగరి నది ఇసుక గాలికి లేచి పొలాలను కప్పేస్తోంది. అక్కడ అడ్డంగా పెంచిన చెట్ల వరుసలు ఆ గాలి జోరు తగ్గిస్తాయి. వాలు మీది చెట్టు మట్టిని పట్టి ఉంచుతుంది, పడిన చినుకును నేలలోకి దింపుతుంది. అందుకోసం నాటండి, ఎన్నైనా నాటండి. వాన కోసం అని చెప్పి నాటితే, వాన రాని ఏడాది ఆ మొక్కకు నీళ్లు పోసేవాడుండడు.

ఇంతకీ ఈ కరవు మన తరం తెచ్చుకున్నదా? 1876లో మొదలైన ధాత సంవత్సరపు కరవు దత్తమండలాలను ఊడ్చేసింది. అంతకు ఐదు శతాబ్దాల ముందే, 1369లో, కడప సీమలో పోరుమామిళ్ల చెరువు తవ్వించి శాసనం వేయించారు. మంచి చెరువుకు ఉండాల్సిన 12 అంగాలనూ, ఉండకూడని 6 దోషాలనూ అందులో లెక్కగా చెక్కించారు. వానలు అరుదని, వచ్చినప్పుడే పట్టుకోవాలని తెలిసినవాళ్ల రాత అది. నెలకు మూడు వానలు కురిసిన సీమ జ్ఞాపకం వాళ్లకు లేదు. మనమెక్కణ్నుంచి తెచ్చుకున్నాం?

ఈ కథ ఎందుకు చెల్లుబాటవుతోందంటే, అది అధికారంలో ఉన్నవాళ్లకు సుఖం. తప్పు రైతుది, మేకల కాపరిది అయిపోతుంది. ఎర్రనేలల్లో జొన్న, కొర్ర పోయి లక్షల ఎకరాల్లో ఒక్క వేరుశనగే ఎందుకు మిగిలిందో, చెరువులు ఎందుకు పూడిపోయాయో, బోర్లు వందల అడుగుల లోతుకు ఎందుకు వెళ్లాయో ఎవరూ జవాబు చెప్పుకోనక్కర్లేదు. ఒక మొక్క, ఒక ఫొటో చాలు.

భూమి వేడెక్కుతున్న ఈ కాలంలో ఆ సుఖం ప్రాణాల మీదికి వస్తోంది. ఉష్ణోగ్రత ఒక డిగ్రీ పెరిగితే గాలి సుమారు 7 శాతం ఎక్కువ తేమను మోయగలదు. అలాంటి గాలి కొండకు తగిలితే వాన కుండపోతే. 2021 నవంబరులో శేషాచలం, పాలకొండల ప్రాంతంలో అదే జరిగింది. పింఛా కట్ట తెగింది, ఆ వెల్లువకు చెయ్యేటి మీది అన్నమయ్య ప్రాజెక్టు మట్టికట్ట కొట్టుకుపోయింది, దిగువ పల్లెల్లో పదుల మంది ప్రాణాలు పోయాయి. మరుసటి ఏడాది అక్టోబరులో నడిమివంక పొంగి అనంతపురం కాలనీలే మునిగాయి. కరవు సీమలో వరదేమిటని అందరూ నోళ్లు వెళ్లబెట్టారు. నేల వాలు తెలిసినవాళ్లకు అందులో వింత లేదు. వానను అడ్డుకునే కొండే, పడిన వానను ఒక్కసారిగా వంకలోకి దింపుతుంది. వంకను ఆక్రమించి ఇళ్లు కట్టుకుంటే నీళ్లు ఇంట్లోకే వస్తాయి.

కాబట్టి మొక్కల లెక్కలు చాలించి వాలుల లెక్క తీయండి. జిల్లా సగటును పక్కనపెట్టి వంక వంకకూ వాన కొలవండి. వంకల మీది కట్టడాలు తీసేయండి, చెరువుల పూడిక, తూములు, మరవలు చూడండి, ఎత్తున ఉన్న కట్టలు పెనువానకు ఆగుతాయో లేదో తేల్చండి. వేరుశనగతో పాటు కంది, కొర్ర, జొన్నకు కూడా గిట్టుబాటు ధర చూపండి. 550 మిల్లీమీటర్లు ఎవరి పాపానికీ పడిన శిక్ష కాదు, పశ్చిమ కనుమలు లేచిన నాటి నుంచీ ఈ నేలకు ఉన్న హద్దు. ఆ హద్దుకు తగ్గట్టు పైరునూ ఊరినీ దిద్దుకోకపోతే, ఆ తప్పు మాత్రం పూర్తిగా మనదే.