తాళంచెవి ఎవరి దగ్గరుంది?

గత డిసెంబరులో మంచు కురుస్తున్న ఒక సాయంత్రం, ఇక్కడ నోవైలో మా కుటుంబానికి చిరకాల మిత్రురాలైన ఒక పెద్దావిడ మా ఇంటికి వచ్చారు. చేతిసంచిలోంచి తువ్వాలులో చుట్టిన చిన్న నల్లటి పెట్టెను తీసి బల్లమీద ఉంచారు. అరచేతిలో ఇమిడే హార్డ్ డిస్క్ అది. ‘‘డాక్టరుగారూ, ఆయన పుస్తకాలన్నీ ఇందులోనే ఉన్నాయండీ. పిల్లలు ప్రయత్నిస్తే తెరుచుకోలేదు. మీరొకసారి చూస్తారా?’’ అన్నారు.

ఆయన పోయి అప్పటికి ఏడాదిన్నర. కార్ల కంపెనీలో ఇంజనీరుగా పదవీవిరమణ చేసిన తరువాత పదిహేనేళ్ళపాటు ఆయన పెట్టుకున్న పని ఒక్కటే. ఇండియా వెళ్ళిన ప్రతిసారీ పాత గ్రంథాలయాలూ బంధువుల అటకలూ గాలించేవారు. అట్టలు ఊడిన నవలలనూ, చెదలు సగం తిన్న పత్రికల సంచికలనూ బతిమాలి తీసుకుని స్కాను చేసేవారు. తిరిగి వచ్చాక రాత్రులు కూర్చుని ఒక్కొక్క పుటనూ సరిచేసుకునేవారు. నేను గతంలో పరిచయం చేసిన పాత పుస్తకాలలో కొన్ని ఆయన పంపగా చదివినవే.

డిస్కును నా కంప్యూటరుకు తగిలించాను. లోపల ఏదో తిరగబోయి టిక్కుమని ఆగింది. మళ్ళీ తిరగబోయింది, మళ్ళీ ఆగింది. చెడిపోయిన డిస్కుల నుంచి సమాచారం వెలికితీసేవారికి పంపితే వారూ పెదవి విరిచారు. ‘‘క్లౌడ్‌లో ఇంకో ప్రతి ఉందనేవారండీ’’ అన్నారావిడ. నిజమే, ఉండేది. దాని ఏడాది రుసుము ఆయన క్రెడిట్ కార్డు మీద కట్టేవారు. ఆయన పోయాక కుటుంబం ఆ కార్డును మూసివేసింది. హెచ్చరికలన్నీ ఆయన ఈమెయిలుకే వచ్చాయి. ఆ ఈమెయిలు పాస్‌వర్డ్ ఆయనతోనే పోయింది. గడువు దాటాక ఖాతా కూడా పోయింది.

మరణధ్రువపత్రాలు రాయడం మా వృత్తిలో ఒక భాగం. అందులో తక్షణకారణం ఒక వరుసలోనూ, దానికి దారితీసిన మూలకారణం కింది వరుసలోనూ రాయాలి. గుండె ఆగిందని రాసి సంతకం పెడితే చాలదు. ఎందుకు ఆగిందో చెప్పాలి. ఆ గ్రంథసంచయానికి అటువంటి పత్రం రాయవలసి వస్తే, తక్షణకారణం యంత్రలోపం. మూలకారణం మాత్రం, ఆ పుస్తకాలకు ఆయన తప్ప మరొక బాధ్యులు లేకపోవడం.

ఆ ఆలోచనలోనే రిచర్డ్ ఓవెన్‌డెన్ రాసిన ‘బర్నింగ్ ది బుక్స్’ (2020) మళ్ళీ తీశాను. ఓవెన్‌డెన్ ఆక్స్‌ఫర్డ్‌లోని బోడ్లియన్ గ్రంథాలయానికి అధిపతి. పేరును బట్టి ఇది మంటల చరిత్ర అనిపిస్తుంది. 1814లో బ్రిటిష్ సేనలు తగలబెట్టిన అమెరికా కాంగ్రెస్ గ్రంథాలయం, 1992లో ఫిరంగి గుండ్లకు కాలిపోయిన సరయేవో జాతీయ గ్రంథాలయం ఇందులో ఉన్నాయి కూడా. అయితే అలెగ్జాండ్రియా గ్రంథాలయం గురించి ఆయన చెప్పినది నన్ను ఎక్కువగా ఆలోచింపజేసింది. దాన్ని నాశనం చేసింది ఒక్క రాత్రి లేచిన మంట కాదు, తరాల తరబడి సాగిన అలసత్వం. పుస్తకం చివర ఆయన మన కాలానికి వచ్చి, మానవజాతి జ్ఞాపకమంతా కొద్దిపాటి ప్రైవేటు సంస్థల చేతుల్లోకి వెళ్ళిపోతున్నదని హెచ్చరిస్తారు. ఆ సంస్థలపై పన్ను వేసి గ్రంథాలయాలను పోషించాలంటారు. రోగనిర్ణయంతో నాకు పేచీ లేదు. చికిత్స దగ్గరే కొంత అసంతృప్తి. ఆయన దృష్టి ప్రధానంగా పెద్ద సంస్థల మీద నిలిచింది. తెలుగు వంటి భాషలో పుస్తకసంపదలో ఎంతో భాగం ఇంకా ఇళ్ళలోనే, వ్యక్తుల డిస్కులలోనే ఉంది. వాటి సంగతి ఏమిటి?

నేడు సమాచారం మూడు చోట్ల ఉంటుంది: సంస్థల సర్వర్లలో, క్లౌడ్‌లో, మన సొంత యంత్రాలలో. ఈ మూడింటినీ నడిపేవి మూడు వేర్వేరు ప్రేరణలు.

సంస్థలు భయంతో దాస్తాయి. మా ఆసుపత్రులనే చూడండి. మిషిగన్ చట్టం ప్రకారం రోగి వైద్యపత్రాలను కనీసం 7 ఏళ్ళు భద్రపరచాలి. హిపా అని మేము పిలుచుకునే ఫెడరల్ చట్టం కింద వచ్చిన నిబంధనలు మరికొంత ముందుకు వెళతాయి. సమాచారానికి అదనపు ప్రతులు తీసి ఉంచాలి. విపత్తు వస్తే దాన్ని తిరిగి నిలబెట్టే ప్రణాళిక రాసి పెట్టుకోవాలి. అన్నిటికన్నా ముఖ్యంగా, భద్రతకు బాధ్యత వహించే అధికారి ఎవరో నియమించి చూపాలి. రేపు ఆ అధికారి ఉద్యోగం మానేసినా, ఆ కుర్చీ ఖాళీగా ఉండడానికి వీలులేదు.

క్లౌడ్ అద్దెకు దాస్తుంది. పేరు మేఘమే గాని, అది ఎక్కడో నేలమీద గోడల మధ్య, కరెంటు మీదా చల్లదనం మీదా ఆధారపడి నడిచే డిస్కుల వరుస. లక్షల డిస్కులు నడిపే బ్యాక్‌బ్లేజ్ సంస్థ ప్రకటించే లెక్కలలో, ఏటా నూటికి ఒకటి రెండు డిస్కులు చెడిపోతూనే ఉంటాయి. అయినా మన ఫైలు పోదు, ఎందుకంటే దాన్ని ముక్కలుగానో ప్రతులుగానో అనేక డిస్కుల మీద పరచి ఉంచుతారు. అక్కడ యంత్రం సంగతి భయపడవలసినది కాదు, ఒప్పందం సంగతే చూసుకోవాలి. 2009లో అమెజాన్ సంస్థ, హక్కుల తగాదా వచ్చిందని, జార్జ్ ఆర్వెల్ ‘1984’ను కొన్నవారి కిండిల్‌లలోంచే తొలగించింది. 2019లో మైక్రోసాఫ్ట్ తన ఈ-పుస్తకాల దుకాణం మూసినప్పుడు పాఠకులకు డబ్బు తిరిగి వచ్చింది, పుస్తకాలు పోయాయి. అదే ఏడాది చివర యాహూ గ్రూపులలో ఏళ్ళ తరబడి పోగుపడిన సంభాషణలను తొలగించారు. రచ్చబండ వంటి తెలుగు సాహిత్యచర్చలకు ఇల్లు అదే. ముందుగా ఎవరైనా దించి దాచుకున్నవే మిగిలాయి. అద్దె ఇంట్లో మేకు కొట్టుకోవచ్చు గాని, గోడ మనది కాదు.

ఇక మనం ప్రేమతో దాస్తాం. నాన్నగారి గొంతు, అమ్మ చేతిరాత, ఎవరూ మళ్ళీ అచ్చువేయని నవల. భయంతో దాచినవీ అద్దెకు దాచినవీ నిలబడుతుండగా, ప్రేమతో దాచినవే ముందు పోవడం నాకు మింగుడుపడని విషయం. కారణం మాత్రం తెలుస్తూనే ఉంది. ప్రేమ ఒక్కరిని నమ్ముకుంటుంది. భయం ఒక్కరిని నమ్మదు.

మన్నికైన వస్తువు దొరికితే ఈ సమస్య తీరుతుందని అనుకునేవారికి తిరుమల చక్కని సమాధానం. తాళ్ళపాకవారు అన్నమయ్య సంకీర్తనలను రాగిరేకులకెక్కించి ఆలయంలోని సంకీర్తన భాండాగారంలో ఉంచారు. ఆనాటికి అది ఎంతో గట్టి సాధనం. సంకీర్తనలు ముప్పైరెండు వేలని సంప్రదాయం చెబుతుంది. దొరికినవి అందులో సగం కూడా లేవు. దొరికినవైనా, శతాబ్దాలపాటు ఆ రాతిగదిలో మౌనంగా పడి ఉన్నాయి. సాధు సుబ్రహ్మణ్యశాస్త్రి, వేటూరి ప్రభాకరశాస్త్రి, రాళ్ళపల్లి అనంతకృష్ణశర్మ వంటివారు గత శతాబ్దంలో వాటిని చదివి, పరిష్కరించి, లోకానికి ఇవ్వవలసివచ్చింది. రాగి అక్షరాన్ని నిలిపింది గాని పాటను నిలపలేకపోయింది. అటు వేమన పద్యాలు తాటాకుల మీదా జనం నోళ్ళలోనూ బతికాయి. సి.పి. బ్రౌన్ సొంత ఖర్చుతో పండితులను పెట్టి వాటి ప్రతులు సేకరించి, పోల్చి, 1829లో అచ్చువేశాడు. తాటాకు రాగికన్నా ఎంతో బలహీనమైనది. అయినా ఎక్కడ ఒక ప్రతి శిథిలమైతే మరొకచోట మరొకరు రాసుకుంటూ వచ్చారు.

ఈ సూత్రాన్ని మా ఇంటికి అరగంట దూరంలోనే నేటి సాంకేతికతతో ఆచరిస్తున్నారు. 2004లో గూగుల్ గ్రంథాలయాల పుస్తకాలను స్కాను చేయ సంకల్పించినప్పుడు, యాన్ ఆర్బర్‌లోని మిషిగన్ విశ్వవిద్యాలయం తొలి భాగస్వాములలో ఒకటి. తమ 70 లక్షల సంపుటాలను తామే డిజిటల్‌గా మార్చాలంటే వెయ్యేళ్ళు పడుతుందని విశ్వవిద్యాలయం వారు లెక్కవేసి ఉన్నారు, గూగుల్ ఆరేళ్ళన్నది. అయితే గ్రంథపాలకులు ఆ స్కానులను గూగుల్‌కే వదిలిపెట్టలేదు. తమ ప్రతి తాము తీసుకుని, తోటి విశ్వవిద్యాలయాలతో కలిసి 2008లో హాథీట్రస్ట్ స్థాపించారు. మరవనిది ఏనుగని ఇక్కడివారి నానుడి. అందుకే హిందీలోని ఏనుగు పేరు. నేడు అందులో కోటీ డెబ్భై లక్షలకు పైగా సంపుటాలున్నాయి. ఒక ప్రతి యాన్ ఆర్బర్‌లో, మరొకటి ఇండియానాపోలిస్‌లో, ఇవి గాక టేపుల మీద వేరొకటి. అందులో తెలుగు పుస్తకాలూ ఉన్నాయి. హక్కులు తీరనివాటిని చదవడానికి తెరవరు గాని, పారేయరు. నన్ను ఆకట్టుకున్నది ఆ ఏనుగు పరిమాణం కాదు. ఒక గ్రంథాలయం తప్పుకున్నా మిగిలినవి మోసే ఏర్పాటు అది.

మనవారూ చేతులు ముడుచుకుని కూర్చోలేదు. ప్రపంచంలోని పుస్తకాలన్నీ అందరికీ అందాలన్న స్వప్నాన్ని కార్నెగీ మెలన్ విశ్వవిద్యాలయం నుంచి ముందుకు నడిపినవారు చిత్తూరు జిల్లాలో పుట్టిన రాజ్ రెడ్డి. ఆ ప్రయత్నంలో భాగంగా వచ్చిన డిజిటల్ లైబ్రరీ ఆఫ్ ఇండియా వల్ల, వేల తెలుగు పుస్తకాలు మొదటిసారి మాబోటి దూరదేశపు పాఠకులకు అందాయి. స్కానులలో పుటలు తప్పిపోయేవి, పేర్లు అస్తవ్యస్తంగా ఉండేవి. అయినా అదొక పండుగ. కొన్నేళ్ళకు ఆ సైటు మూతపడింది. అప్పటికే వాటిని ఇంటర్నెట్ ఆర్కైవ్‌లోకి ఎక్కించినవారు ఉండబట్టి నేటికీ చదువుకోగలుగుతున్నాం.

‘‘ఆర్కైవ్‌లో ఉన్నాయి కదా, ఇంకేం దిగులు?’’ అని మిత్రులంటారు. 2024 అక్టోబరులో సైబర్ దాడి జరిగి ఆ ఆర్కైవే కొన్ని రోజులు తెరుచుకోలేదు. అది కోలుకుంది, సంతోషం. కాని శాన్‌ఫ్రాన్సిస్కోలోని ఒక సేవాసంస్థ భుజాలమీద మన శతాబ్దపు అచ్చుపుస్తకాలన్నీ మోపి, మనం నిశ్చింతగా నిద్రపోవడం న్యాయమా?

అందుకే నా అభిప్రాయం ఇది. కొత్త యంత్రం కొనేముందు బాధ్యులను వెదకాలి. సాంకేతిక నియమం సులువే: మూడు ప్రతులు, రెండు రకాల సాధనాలమీద, ఒకటి మరో ఊళ్ళో. ఏడాదికొకసారి తెరిచి చూసుకోవాలి. తెరిచి చూడని ప్రతి ఉన్నా లేనట్టే. దానికి మించి, మన తరువాత ఎవరన్నది రాసి పెట్టాలి. మిషిగన్‌లో 2016లో డిజిటల్ ఆస్తుల మీద ఒక చట్టం వచ్చింది. పోయినవారి ఖాతాలను ప్రతినిధులు ఎంతవరకు తెరవవచ్చో అది చెబుతుంది. వారి ఉత్తరప్రత్యుత్తరాలలోని విషయం చేతికి రావాలంటే, సొంతదారు బతికుండగా సమ్మతి తెలిపి ఉండాలి. గూగుల్‌లోనూ ఆపిల్‌లోనూ వారసుల పేరు నమోదుచేసే వీలుంది. ఐదు నిమిషాల పని. వీలునామా రాసినవారు కూడా దీన్ని మరచిపోతున్నారు.

ఇళ్ళకు వారసులుంటారు, వారికి తెలుగు చదవడం రాకపోవచ్చు. ఇది మా ప్రవాసుల ఇళ్ళలో చెప్పుకోని నిజం. కనుక సంఘాలు పూనుకోవాలి. మా ప్రాంతంలో డిట్రాయిట్ తెలుగు లిటరరీ క్లబ్ ఏళ్ళుగా పుస్తకాలు చర్చిస్తున్నది. ఇటువంటివి ఇతర నగరాలలోనూ ఉన్నాయి. పూర్వం మన ఊళ్ళలో లెక్కల కవిలెలు కరణం దగ్గర ఉండేవి. కరణాల మీద మన సామెతలు వారి నిజాయితీని పెద్దగా పొగడవు. కాని కట్ట ఎవరి ఇంట్లో ఉందో ఊరందరికీ తెలుసు. ప్రతి సాహితీసంఘానికీ అటువంటి కరణం ఒకరు కావాలి, పదవీకాలం ముగియగానే కట్టలు లెక్కచూసి మరొకరికి అప్పగించేవారు. ఏ ఇంట్లో ఏ పుస్తకాల స్కానులున్నాయో ఒక జాబితా రాయడంతో ఆ పని మొదలవుతుంది.

హక్కుల చిక్కు ఉంది, కాదనను. భారతదేశంలో రచయిత మరణానంతరం 60 ఏళ్ళవరకు హక్కు వారసులది. దాచడం ఒకటి, పంచడం మరొకటి. రెండోదానికి వారి అనుమతి కావాలి. తమిళనాడు ప్రభుత్వం సుబ్రహ్మణ్య భారతి మొదలు ఎందరో రచయితల రచనలను జాతీయం చేసి ప్రజలపరం చేసింది. మన రెండు ప్రభుత్వాలనూ ఆ మాట అడగవచ్చు. అంతదాకా, రచయితల కుటుంబాలు ఒక్క అనుమతిపత్రం రాసి పెట్టినా ఎన్నో పుస్తకాలు బతుకుతాయి.

ఆ పెద్దావిడ వెళ్ళేముందు సంచిలోంచి మరొకటి తీశారు. మామూలు గీతల నోటు పుస్తకం. స్కాను చేసిన ప్రతి పుస్తకం పేరు, రచయిత, అచ్చయిన ఏడు, ఏ ఊళ్ళో ఎవరి అటకమీద దొరికిందో, ఆయన గుండ్రని చేతిరాతలో. డిస్కు పోయింది, క్లౌడ్ పోయింది, ఇది మిగిలింది. దీని ఆధారంగా, ఏ పుస్తకాలు వేరేచోట ఉన్నాయో, వేటికోసం మళ్ళీ ఆ అటకలెక్కాలో ఒక్కొక్కటిగా చూస్తున్నాం. కొన్ని దొరికాయి. కొన్నింటికి ఇంకా జాడ లేదు.

అయితే ఆ మర్నాడు ఉదయం నేను మొదట చేసినది వెదకడం కాదు. ఆ నోటు పుస్తకానికి రెండు ప్రతులు తీయించి, ఒకటి లాన్సింగ్‌లోని మిత్రుడికి పంపి, ఎవరి దగ్గర ఏది ఉందో ఆవిడకు కాగితం మీద రాసి ఇచ్చాను.